ప్రాణం లెక్క: కూలి, గుణకం, కులం



మిర్చి ఏరే కాలంలో తెల్లారకముందే మా గంగారం, కొత్తగూడ వైపు ఊళ్ల నుంచి ట్రాలీ ఆటోలు, ట్రాక్టర్లు కూలీలతో కిక్కిరిసి మైదానం ఊళ్లకు దిగుతాయి. మాదిగ వాడల నుంచి, కోయ గూడేల నుంచి, లంబాడ తండాల నుంచి ఆడవాళ్లే ఎక్కువ. ఆ బండి బోల్తా పడితే మరునాడు పేపర్లో ఫొటో వస్తుంది. నాయకులు వస్తారు, ఎక్స్‌గ్రేషియా ప్రకటిస్తారు. నెల తిరక్కుండా అందరూ మర్చిపోతారు. ఆ తర్వాత కోర్టులో ఏళ్ల తరబడి ఒక లెక్క నడుస్తుంది. ఈ వారం వ్యాసం ఆ లెక్క చరిత్ర గురించి.

నేను వకీలును కాదు. తెలుగు సాహిత్యంలో పీహెచ్‌డీ చేసి డిగ్రీ పిల్లలకు పాఠాలు చెప్పుకునేదాన్ని. అయినా కొన్నేళ్లుగా మోటారు ప్రమాదాల తీర్పులు చదువుతున్నా. చనిపోయిన మనిషిని తీర్పు ఏ మాటతో పిలిచింది, ఆమె పనికి ఏ పేరు పెట్టింది, ఆ పేరుకు ఎన్ని రూపాయలు కట్టింది అని చూస్తా. నాకు అర్థమైంది ఇది: కోర్టు కులం అడగదు, ఆదాయానికి కాగితం అడుగుతుంది. మన దేశంలో ఎవరి దగ్గర ఆ కాగితం ఉంటుందో, ఎవరి దగ్గర ఉండదో చాలావరకు కులమే ముందే తేల్చి పెట్టింది. అయితే ఈ లెక్క ఎప్పుడూ ఇలాగే లేదు. ఒక్కో కుటుంబం కొట్లాడితే ఒక్కో మెట్టు మారింది. ఇంకా మారాలి.

ప్రాణానికి వెల కట్టడం ఈ దేశానికి కొత్త కాదు. మనుస్మృతి పదకొండో అధ్యాయం చూడండి. పొరపాటున క్షత్రియుణ్ని చంపితే వెయ్యి ఆవులు, వైశ్యుణ్ని చంపితే వంద, శూద్రుణ్ని చంపితే పది. ఆ పది ఆవులు కూడా చచ్చినవాడి ఇంటికి పోవు, బ్రాహ్మణుడికి దానం పోతాయి. అక్కడే ఆ తర్వాత పిల్లినో కప్పనో కుక్కనో కాకినో చంపినవాడు శూద్రహత్యకు చెప్పిన ప్రాయశ్చిత్తమే చేసుకోవాలని ఉంది. జాబితా శూద్రుడి దగ్గర ఆగిపోతుంది. ఊరి బయట వాళ్లకు అందులో అంకె కూడా లేదు. 1927 డిసెంబర్ 25న మహాడ్‌లో బాబాసాహెబ్ ఆ పుస్తకాన్ని తగలబెట్టించారంటే ఇలాంటి లెక్కలన్నీ అందులో ఉన్నాయి.

తెల్లవాడి చట్టమూ మొదట్లో గొప్పగా ఏమీ లేదు. 1808లో లండన్‌లో ఒక కేసు వచ్చింది. గుర్రపు బండి బోల్తా పడి ఒకాయన భార్యకు దెబ్బలు తగిలాయి, నెల రోజులకు ఆమె చనిపోయింది. లార్డ్ ఎలెన్‌బరో అనే జడ్జి, మనిషి చావును సివిల్ కోర్టులో నష్టంగా చెప్పుకోవడం కుదరదన్నాడు. ఆమె బతికి ఉన్న ఆ కొన్ని రోజులకే భర్తకు వంద పౌండ్లు దక్కాయి, చావుకు ఏమీ లేదు. అంటే కాలు విరగ్గొడితే డబ్బు కట్టాలి, చంపేస్తే కట్టక్కర్లేదు. రైళ్లు వచ్చి చావులు పెరిగాక 1846లో బ్రిటిష్ పార్లమెంటు ఈ పద్ధతి మార్చింది. అదే నమూనాతో బ్రిటిష్ ఇండియాలో 1855లో ప్రాణాంతక ప్రమాదాల చట్టం వచ్చింది. భార్య, భర్త, తల్లిదండ్రులు, పిల్లలు నష్టం అడగొచ్చని అది చెప్పింది. కోర్టులు 'నష్టం' అంటే డబ్బు నష్టం అనే చదివాయి. చనిపోయినవాడు ఇంటికి ఎంత తెచ్చేవాడు అన్నదే ప్రశ్న. ఇప్పటి లెక్కకు పునాది అక్కడ పడింది.

నిజాం రాజ్యంలో ఉన్న మా ప్రాంతానికి ఆ చట్టం అప్పుడు సంబంధం లేనిది. ఇక్కడ 1932లో నిజాం రైల్వే వాళ్లే 27 బస్సులతో రోడ్డు రవాణా మొదలుపెట్టారు. బ్రిటిష్ ఇండియాలో 1939లో మోటారు వాహనాల చట్టం వచ్చింది. స్వతంత్రం వచ్చాక, 1956 సవరణతో ఆ చట్టంలోకి క్లెయిమ్స్ ట్రిబ్యునల్స్ వచ్చాయి. సివిల్ కోర్టులో దావా వేసి తరాలు ఎదురుచూడకుండా ప్రమాదాల కేసులకు వేరే వేదిక ఏర్పడింది. జిల్లా జడ్జీలే ఆ ట్రిబ్యునల్‌గా కూర్చుంటారు.

లెక్క కట్టే పద్ధతి మాత్రం గనుల నుంచి వచ్చింది. వేల్స్‌లో బొగ్గు గని పేలి చనిపోయిన కార్మికుల కేసులో 1942లో బ్రిటన్ ప్రభువుల సభ ఒక దారి చూపింది. మనిషి జీతం తీసుకో, తనకోసం ఖర్చు పెట్టుకునేది తీసెయ్, మిగిలినదాన్ని కొన్నేళ్ల అంకెతో గుణించు. భూపాలపల్లి గనుల పక్కన పెరిగిన పిల్లలకు ఇది చెప్పినప్పుడు ఒక్కసారి నిశ్శబ్దం అవుతారు. ఇవ్వాళ దేశంలో ప్రతి రోడ్డు చావుకూ వాడుతున్న 'మల్టిప్లయర్', అంటే గుణకం, పుట్టింది గని కార్మికుల శవాల లెక్కలో.

మన దేశంలో కోర్టు తలుపు పేదలకు కొంచెమైనా తెరుచుకున్నదంటే జస్టిస్ కృష్ణయ్యర్ తీర్పుల పాత్ర ఉంది. 1979లో హర్యానా బస్సు కింద పడి చనిపోయిన ఒకాయన భార్య, కూతురు కోర్టు ఫీజు కట్టలేకపోతే, ప్రభుత్వం ఆ ఫీజు కోసం సుప్రీం కోర్టు దాకా పోయింది. కృష్ణయ్యర్ ప్రభుత్వాన్ని మందలించి, పేదవాళ్లు ఫీజు లేకుండా క్లెయిమ్ వేసుకోవచ్చన్నారు. మరుసటి ఏడు ఇంకో తీర్పులో, ప్రమాదాల ట్రిబ్యునళ్లు సాంకేతిక సాకులు పట్టుకుని బాధితులను ఓడించకూడదని చెప్పారు.

1994లో రెండు సంగతులు జరిగాయి. సుసమ్మ థామస్ కేసులో సుప్రీం కోర్టు గుణకం పద్ధతినే పాటించాలని తేల్చింది. అదే ఏడాది పార్లమెంటు 1988 మోటారు వాహనాల చట్టానికి రెండో షెడ్యూల్ అని ఒక పట్టిక జోడించింది. అందులో ఆదాయం లేని మనిషికి ఏడాదికి 15,000 రూపాయలు అనుకోమన్నారు. ఇంటి పని చేసే భార్య విలువ, సంపాదించే భర్త ఆదాయంలో మూడో వంతు. ఈ 15,000 అంకె 2018 దాకా చట్టంలో అలాగే ఉండిపోయింది. ఇరవై నాలుగేళ్లలో ఉప్పు ధర మారింది, మిర్చి ధర మారింది, ఎమ్మెల్యే జీతం మారింది. ఆదాయం చూపించలేని మనిషి ప్రాణం ధర మారలేదు.

2009లో సరళా వర్మ తీర్పు వచ్చింది. అది ప్రభుత్వ శాస్త్రవేత్త కుటుంబం వేసిన కేసు. ఒక్కో జడ్జి ఒక్కో అంకె వేస్తున్న గందరగోళాన్ని అది చాలావరకు ఆపింది. ఆ పట్టిక మన కార్యకర్తలందరికీ కంఠతా రావాలి. 15 నుంచి 25 ఏళ్ల మధ్య పోతే గుణకం 18. 26–30కి 17, 31–35కి 16, 36–40కి 15, 41–45కి 14, 46–50కి 13. అక్కడి నుంచి తగ్గుతూ 65 దాటితే 5. మనిషి తనకోసం వాడుకునే వాటా కింద పెళ్లికానివాళ్లకు సగం తీసేస్తారు. ఆధారపడ్డవాళ్లు ఇద్దరు ముగ్గురుంటే మూడో వంతు, నలుగురి నుంచి ఆరుగురుంటే నాలుగో వంతు, అంతకన్నా ఎక్కువుంటే ఐదో వంతు.

అదే తీర్పులో ఒక గోడ కూడా లేచింది. పర్మనెంట్ ఉద్యోగి బతికుంటే జీతం పెరిగేది కాబట్టి వయసును బట్టి 50 శాతం దాకా కలపమన్నారు. సొంతంగా పని చేసుకునేవాళ్లకు, జీతం పెరగని కొలువులవాళ్లకు మాత్రం చనిపోయిన రోజు ఎంతో అంతే. కూలి మనిషి కూలి ఎన్నటికీ పెరగదన్నమాట! 2012లో సంతోష్ దేవి కేసులో జస్టిస్ సింఘ్వీ దీన్ని ప్రశ్నించారు. బతుకు ఖర్చు పెరిగితే చిన్న పనులవాళ్ల సంపాదనా పెరుగుతుంది కదా అంటూ మంగలి, కమ్మరి, చెప్పులు కుట్టేవాడు, మేస్త్రి లాంటివాళ్లను ఉదాహరణగా చెప్పారు. ఆ పేర్లు మళ్లీ చదవండి. అవి వృత్తుల పేర్లు మాత్రమే కాదు, మన కులాల పేర్లు. ఎవరి కూలి పెరగదని చట్టం అనుకుందో ఆ ఒక్క వాక్యంలో బయటపడింది.

చివరికి 2017 అక్టోబర్ 31న ప్రణయ్ సేఠీ కేసులో రాజ్యాంగ ధర్మాసనం సొంత పనులవాళ్లకూ కలపాల్సిందేనని చెప్పింది. 40 లోపు వాళ్లకు 40 శాతం, 40–50 మధ్య 25, 50–60 మధ్య 10. పర్మనెంట్ ఉద్యోగికి ఇవి 50, 30, 15. గోడ కూలింది, పునాది రాళ్లు మిగిలాయి.

ఇప్పుడు లెక్క చేద్దాం. 32 ఏళ్ల మిర్చి కూలీ అనుకోండి. భర్త, ఇద్దరు పిల్లలు, ఆమె మీద ఆధారపడ్డ అత్త. మొత్తం నలుగురు. పాత షెడ్యూల్ ప్రకారం ఆదాయం లేని మనిషి అంటే 15,000లో మూడో వంతు తీసి, 10,000ను ఆ షెడ్యూల్ గుణకం 17తో గుణిస్తే 1,70,000. ఇప్పటి పద్ధతిలో రోజు కూలి 300 చొప్పున నెలకు 9,000 అని కోర్టు ఒప్పుకుంటే, ఏడాదికి 1,08,000. దానికి 40 శాతం కలిపితే 1,51,200. నాలుగో వంతు తీస్తే 1,13,400. గుణకం 16. మొత్తం 18,14,400. రోజు కూలి 400 అని ఒప్పుకుంటే 24,19,200. రోజుకు వంద రూపాయల తేడా ఆరు లక్షల పైమాట. ఇంకోలా చెప్తే, నెల ఆదాయంలో ప్రతి వంద రూపాయల మీద 20,160 రూపాయలు ఆ పిల్లలకు రావడమో పోవడమో ఉంటుంది.

అందుకే యుద్ధమంతా ఆ మొదటి అంకె దగ్గర జరుగుతుంది. నాకు వరసకు చిన్నమ్మ అయ్యే ఒకామె ఇలాగే పోతే, కేసు వాయిదాకు వాళ్ల కొడుకుతో నేను వెళ్లాను. కంపెనీ తరఫు వకీలు అడిగిన ప్రశ్న ఇప్పటికీ చెవిలో ఉంది: "ఆమె కూలికి పోయేదని మీ దగ్గర ఏం కాగితం ఉంది?" పిల్లవాడు చేతులు చూసుకున్నాడు. "రోజూ పోయేది సార్" అన్నాడు. ముప్పై ఏళ్లు ఎండలో వంగిన మనిషి పని చేసిందనడానికి ఆ గదిలో ఒక్క ముక్క కాగితం లేదు. కూలి చేతికి ఇచ్చిన రైతు రసీదు రాయడు. మేస్త్రి నోటు పుస్తకంలో హాజరు గీతలు ఉంటాయి, సీజన్ అయిపోయాక ఆ పుస్తకం పొయ్యిలోకి పోతుంది.

ఈ ప్రశ్నకు జవాబు తీర్పుల్లో ఉంది. 2011లో బెంగళూరు కూలీ రామచంద్రప్ప కేసులో కింది కోర్టులు నెలకు 3,000 అంటే, సుప్రీం కోర్టు కూలి మనిషి కాగితాలు తేలేడని, అతను చెప్పిన 4,500 నమ్మదగిందేనని ఒప్పుకుంది. 2014లో కూరగాయలు అమ్మే సయ్యద్ సాదిక్‌కు రుజువు లేకున్నా 6,500 వేసింది. ఈ రెండూ గాయపడ్డవాళ్ల కేసులు, సూత్రం మాత్రం చావు కేసులకూ అదే. 2021లో చంద్ర కేసులో, కనీస వేతనాల నోటిఫికేషన్ ఒక కొలమానమే తప్ప, కాగితం లేనంత మాత్రాన మనిషిని దానికే కట్టేయక్కర్లేదని చెప్పింది. కనీస వేతనం నేల లాంటిది, కప్పు కాదు. 1948 కనీస వేతనాల చట్టం ఐదేళ్లకు మించకుండా వేతనాలు సవరించమన్నది. ప్రభుత్వం ఆ సవరణ ఆలస్యం చేస్తే నష్టం బతికున్న కూలీకే కాదు, చనిపోయిన కూలీ పిల్లలకు కూడా.

ఆడవాళ్ల పని విషయానికి వద్దాం. 2001లో లతా వాధ్వా కేసులో ఇంటి పనికి నెలకు 3,000 అని సుప్రీం కోర్టు లెక్కించింది. 2010లో అరుణ్ కుమార్ అగర్వాల్ కేసులో జస్టిస్ గంగూలీ, జనాభా లెక్కలు ఇల్లాళ్లను బిచ్చగాళ్లు, ఖైదీలతో కలిపి పని చేయనివాళ్ల కింద వేశాయని ఎత్తి చూపారు. 2021 జనవరి 5న కీర్తి కేసులో మన తెలుగు జడ్జి ఎన్.వి. రమణ విడిగా ఒక తీర్పు రాశారు. ఆడవాళ్లు రోజుకు సగటున 299 నిమిషాలు కూలి లేని ఇంటి పని చేస్తుంటే మగవాళ్లు 97 నిమిషాలే చేస్తున్నారన్న సర్వే లెక్క అందులో ఉంది. ఇంటి పనికి ఆదాయం లెక్కించడం దయ కాదు, రాజ్యాంగం చెప్పిన సమానత్వంలో భాగం అన్నది దాని సారం. మంచిదే. నా ప్రశ్న ఒక్కటి. మా ఊరి ఆడమనిషి పొద్దున నాలుగింటికి లేచి ఇంటి పని చేసి, మిర్చి చేనులో దినమంతా వంగి, మళ్లీ వచ్చి పొయ్యి ముట్టిస్తుంది. నేను చదివిన తీర్పుల్లో ఆమె కూలీగానో, గృహిణిగానో ఒక్కటిగానే కనిపిస్తుంది. రెండు పనులు చేసిన మనిషికి ఒక్క పనికే ఎందుకు వెల కడుతున్నారు?

ఇక బండి సంగతి. 2018 ఏప్రిల్ 6న నల్లగొండ జిల్లా వద్దిపట్ల దగ్గర ట్రాక్టర్ కాలువలో పడి తొమ్మిది మంది కూలీ ఆడవాళ్లు చనిపోయారు. అదే ఏడాది జూన్ 24న యాదాద్రి జిల్లా వేములకొండ దగ్గర ఇంకో ట్రాక్టర్ మూసీ కాలువలో పడి పదిహేను మంది పోయారు. మా పక్క గూడూరు మండలం మర్రిమిట్ట దగ్గర 2021 జనవరి 29న, పెళ్లి బట్టల కోసం బయల్దేరిన ఆటోను లారీ ఢీకొని ఆరుగురు చనిపోయారు. ఈ బండ్లలో ఎక్కినవాళ్ల కేసుల్లో చట్టం ఇంకో తలుపు మూస్తుంది. సరుకు బండిలో ఊరికే ఎక్కిన ప్రయాణికులకు ఇన్సూరెన్స్ కంపెనీ బాధ్యత లేదని 2002లో ఆశారాణి కేసులో తేల్చారు. అప్పుడు పరిహారం బండి యజమాని మీద పడుతుంది. ఆయన దగ్గర జప్తు చేయడానికి ఆ బండి తప్ప ఏముంటుంది? 2007లో ట్రాక్టర్ ట్రాలీలో ఎక్కిన ఒక కూలీ కేసులో, కంపెనీకి బాధ్యత లేదంటూనే, ముందు మీరు కట్టి తర్వాత యజమాని దగ్గర రాబట్టుకోండని సుప్రీం కోర్టు తన ప్రత్యేక అధికారంతో ఆదేశించింది. అదే ఏడాది, సీట్లకు మించి ఎక్కిన బస్సు కేసులో, ఎన్ని సీట్లకు ఇన్సూరెన్స్ ఉందో అన్ని పరిహారాల మొత్తమే కంపెనీ కట్టాలని, దాన్ని బాధితులందరికీ పంచాలని చెప్పింది.

చేను దాకా పోవడానికి వేరే బండి లేకపోవడం ఆ కూలీ చేసిన నేరం కాదు. బస్సు రాని ఊళ్లు, రోడ్డు దాకా నడవాల్సిన వాడలు ఎవరివో మీకు తెలుసు. బస్సు వేయని ప్రభుత్వం కోర్టు ముందు ఉండదు. ట్రాలీ ఎక్కిన మనిషి మాత్రం చచ్చాక కూడా తప్పు చేసినదానిలా నిలబడుతుంది.

2019 సవరణ 2022 ఏప్రిల్ 1 నుంచి అమల్లోకి వచ్చింది. ఎవరి నిర్లక్ష్యమో రుజువు చేయక్కర్లేకుండా చావుకు 5 లక్షలు, గుద్ది పారిపోయిన బండి అయితే 2 లక్షలు. వినడానికి బాగుంది. కానీ ఆ 5 లక్షలు తీసుకుంటే పూర్తి లెక్క అడిగే దారి మూసుకుపోతుంది. పైన చేసిన 18 లక్షల లెక్క గుర్తు తెచ్చుకోండి. ఇంకోటి, 1994లో తీసేసిన ఆరు నెలల గడువును మళ్లీ తెచ్చి పెట్టారు. ఆ గడువు చెల్లదని వేసిన పిటిషన్లు సుప్రీం కోర్టు దాకా వెళ్లాయి. మనం మాత్రం ఆరు నెలల్లోపే వేయాలి. దినకర్మలు, అప్పులు, పిల్లల బడి చూసుకునేసరికి ఆరు నెలలు మన ఇళ్లలో ఎట్లా పోతాయో చెప్పక్కర్లేదు.

డబ్బు వచ్చాక కూడా కథ ఉంది. చదువు రాని కుటుంబాలకు పరిహారం ఒకేసారి ఇవ్వకుండా బ్యాంకులో డిపాజిట్ చేయమనే నియమం 1982 నాటి గుజరాత్ హైకోర్టు తీర్పు నుంచి వచ్చింది. ఆ కేసు వేసినాయన ఇంటిపేరు హరిజన్. మోసగాళ్ల నుంచి కాపాడాలన్న ఉద్దేశం మంచిదే. పోనుపోను అది అందరికీ గుడ్డిగా తగిలించే తాళం అయింది. 2012లో ఏ.వి. పద్మ కేసులో సుప్రీం కోర్టు, ఆలోచించకుండా డబ్బు ఆపొద్దని ట్రిబ్యునళ్లను హెచ్చరించింది. వైద్యానికో చదువుకో తమ డబ్బు తమకు కావాలంటే కుటుంబం దరఖాస్తు పెట్టుకోవచ్చు, పెట్టుకోవాలి.

విద్యార్థులు, కార్యకర్తలు చేయాల్సింది చాలా ఉంది. ప్రమాదం జరిగిన వారంలోపు ఆ ఇంటికి పోండి. ఎఫ్ఐఆర్, పంచనామా, పోస్టుమార్టం రిపోర్టు కాపీలు తీయించండి. బండిలో ఎందుకు ఎక్కారో, బస్తాలు ఎత్తడానికో దించడానికో పనిలో ఉన్నారో, ఉన్నది ఉన్నట్టు ఎఫ్ఐఆర్‌లో పడిందా చూడండి. జాబ్ కార్డు, మహిళా సంఘం పొదుపు పుస్తకం, తునికాకు కార్డు, మేస్త్రి హాజరు పుస్తకం, అదే ముఠాలో పని చేసిన ఇద్దరి సాక్ష్యం, ఆ సీజన్ కూలి రేటు, అన్నీ ఒక సంచిలో చేర్చండి. కేసు వాళ్లు ఉండే చోటే వేయొచ్చు. 2022 జూన్ నుంచి కొత్త జిల్లాలకు జిల్లా కోర్టులు వచ్చాయి, మా వాళ్లు మహబూబాబాద్‌లోనే వేసుకోవచ్చు. పిటిషన్‌లో తక్కువ అడిగినా న్యాయమైన పరిహారం అంతకన్నా ఎక్కువ ఇవ్వొచ్చని 2002లో నాగప్ప కేసు చెప్పింది. భర్తకు, పిల్లలకు, తల్లిదండ్రులకు, ఎవరి ఎడబాటుకు వాళ్లకు విడిగా ఇవ్వాలని 2018లో మాగ్మా కేసు చెప్పింది. అప్పట్లో అది 40,000. మూడేళ్లకోసారి పది శాతం పెంచాలి కాబట్టి ఇప్పుడు 48,400. లోక్ అదాలత్‌లో సంతకం పెట్టే ముందు పైన చెప్పిన లెక్క ఒక తెల్లకాగితం మీద చేసుకోండి. రాజీ తప్పు కాదు, ఎంత వదులుకుంటున్నామో తెలియకుండా పడడం తప్పు.

అడగాల్సింది కూడా ఉంది. 2025లో గాయపడ్డ ఒక పిల్లవాడి కేసులో సుప్రీం కోర్టు, పిల్లల ఆదాయాన్ని నైపుణ్యం ఉన్న కార్మికుడి కనీస వేతనంగా లెక్కించాలని చెప్పింది. ఆ బడి పిల్లవాడికి అంత వెల ఉన్నప్పుడు, ముప్పై ఏళ్లు మిర్చి ఏరిన చేతికి నైపుణ్యం లేదని ఎవరన్నారు? రుజువు కాగితం లేని ప్రతి కూలి మనిషికీ అదే నేలగా ఉండాలి. ఆడమనిషి అయితే ఇంటి పని దాని మీద కలవాలి.

వెయ్యి, వంద, పది అనే లెక్క పోయిందని మనకు చెప్తారు. పోయింది నిజమే, కొంత. మిగిలింది పోవాలంటే ఆ మొదటి అంకె దగ్గర, ఆ కాగితం దగ్గర మనం నిలబడాలి.

జై భీమ్.